పెంకులమ్మ కప్పు దిగలేదు

తొమ్మిది రోజులకోసారి మిట్టమధ్యాహ్నం ఆకాశం ఇళ్ల కప్పుల దాకా దిగివచ్చేది. నిలబడినవాళ్లను ఎత్తుకుపోతుందన్న పెద్దల మాట విని, అది వెళ్లేదాకా ఊరంతా నేలమీద బోర్లా పడుకునేది. కప్పులు నేసే పెంకులమ్మ కూడా నలభై ఏళ్లు అలాగే పడుకుంది. పని సగంలో వదిలిన ప్రతిసారీ సున్నం బీటలు వారేది, వానకి ఇల్లు కారేది, తిట్లు మాత్రం ఆవిడకే.

ఆ రోజు పెంకులమ్మ తన అక్క ఇంటి కప్పు మీద పనిలో ఉండగా ఆకాశం దిగింది.

"దిగవే! మతి పోయిందా?" లోపల్నుంచి అక్క మొత్తుకుంది.

"దిగను. రేపు కారితే మళ్లీ నన్నే తిడతావు."

చల్లటి నీలం వీపుకి ఆనింది. పెంకులమ్మ తాపీతో దాన్ని పొడిచింది.

"కాస్త పైకి జరుగు. వెలుతురు రావట్లేదు."

ఆకాశం జానెడు జరిగింది.

పెంకులమ్మకి ఒళ్లు మండిపోయింది.

"అక్కా, లేవే! ఇన్నేళ్లూ బోర్లా పడుకున్నాం కానీ, జరగమని ఒక్కరమైనా అడిగామా?"