పిడికెడు బియ్యం, కారు టైరు

నేనింకా పరికిణీలు కట్టుకునే రోజుల్లో మా ఊళ్ళో కారు అంటే మా పెదనాన్న కారే. నరసరావుపేటకీ రొంపిచెర్లకీ మధ్య మా ఊరు. పురుడొచ్చినా, పాము కరిచినా, పెళ్ళికూతుర్ని అత్తారింటికి పంపాలన్నా జనం మా అరుగు ముందుకొచ్చి నిలబడేవారు. ఆయన పొద్దున్నే తన మొహం కడుక్కోకముందే కారు మొహం కడిగేవాడు. మేం పిల్లలం దాని మీద చెయ్యి వేస్తే ఆయన ఏమీ అనేవాడు కాదు గానీ, మేం వెళ్ళిపోయాక భుజం మీది తువ్వాలుతో ఆ చోటు తుడుచుకునేవాడు. మాది ఉమ్మడి కుటుంబం. తిండిగింజలు పొలం ఇచ్చేది, మిగిలినవన్నీ ఆ కారే ఇచ్చేది.

మా పెద్దమ్మకి మాత్రం కారంటే పెద్ద గౌరవం లేదు. ఆవిడ గౌరవమంతా వంటింటి గుమ్మం పక్కనున్న ఒక రేకు డబ్బా మీద. మా చర్చికి వచ్చే ఆడవాళ్ళందరికీ ఒక అలవాటుండేది. అన్నం వండే ప్రతిసారీ ఎసట్లో పోసే బియ్యంలోంచి ఒక పిడికెడు తీసి పక్కన పెట్టేవారు. ఆదివారం వచ్చేసరికి ఆ పిడికెళ్ళన్నీ మా పెద్దమ్మ డబ్బాలోకి చేరేవి. ఊళ్ళో ఎవరింట్లోనైనా పొయ్యి వెలగలేదని తెలిస్తే అందులోంచి వెళ్ళేవి. ఎవరికి వెళ్ళాయో ఆవిడ మాతో కూడా చెప్పేది కాదు. చుట్టపుచూపుగా వచ్చినవాళ్ళు తెలియక ఆ డబ్బా మీద కూర్చోబోతే లేపి మరీ పీట వేసేది.

ఆ ఏడు పెళ్ళిళ్ళ రోజులు మొదలయ్యే ముందు పెదనాన్న కారు ముందు చక్రానికి కొత్త టైరు వేయించాడు. దాని కోసం ఆయన కొత్త పంచె మానుకున్న సంగతి ఇంట్లో అందరికీ తెలుసు. తీసేసిన పాత టైరు స్టెప్నీగా డిక్కీలోకి పోయింది. అది నున్నగా అరిగిపోయి వేలు పెడితే జారేట్టుండేది.

ఒక మధ్యాహ్నం నరసరావుపేట నుంచి తిరిగొస్తున్నాం. నాకు పుస్తకాలు కొనిపెట్టి, ముందు సీట్లో కూర్చోబెట్టుకుని తీసుకొస్తున్నాడు. మా ఊరి మలుపులో మాచర్ల వైపు నుంచి వచ్చే లారీలు నాపరాళ్ళు దింపుకునే చోటు ఉంది. అక్కడ రోడ్డంతా రాతి పెచ్చులు. కత్తి అంచులాంటి పెచ్చు ఒకటి టైరు పక్క భాగాన్ని చీల్చేసింది. పెద్ద చప్పుడైంది. కారు ఒక పక్కకి లాగింది. పెదనాన్న స్టీరింగు బిగబట్టి, తిట్టకుండా, కంగారు పడకుండా మెల్లగా మార్జిన్‌లో ఆపాడు. ముందు నా తల తడిమి చూశాడు, ఆ తర్వాతే కిందికి దిగాడు. కారు మీద గీత కూడా పడలేదు. టైరు మాత్రం అతుకు వేయడానికి కూడా పనికిరాకుండా పోయింది.

కొత్త టైరు కొనే స్తోమత ఆ రోజున ఇంట్లో లేదు. అంతకన్నా పెద్ద దిగులు పక్కింటి అక్క గురించి. ఆమెకి నెలలు నిండాయి. మొదటి కాన్పు పోయింది. ఈసారి నొప్పులు మొదలైతే చాలు, ఒక్క క్షణం ఆలస్యం చెయ్యకుండా పేట ఆసుపత్రికి తీసుకురావాలని డాక్టరమ్మ గట్టిగా చెప్పింది. తానే తీసుకెళ్తానని పెదనాన్న అక్కకి మాటిచ్చి ఉన్నాడు. ఇప్పుడు ఆ మాట అరిగిపోయిన స్టెప్నీ మీద నిలబడింది.

మా పెద్దమ్మ తమ్ముడు, మా మామయ్య, పంచాయతీ మెంబరు. ఎవరి పనైనా నెత్తినేసుకునే మనిషి. అడగకపోయినా నెత్తినేసుకునే మనిషి కూడా. కారుకి ఫుల్ ఇన్సూరెన్స్ ఉందని ఆయనకి తెలుసు. ఎవరినో అడిగి వచ్చాడు. టైరు ఒక్కటే పోతే కంపెనీ ఏమీ ఇవ్వదట. కారు దేనికైనా గుద్దుకుని, బాడీ దెబ్బతిని, దాంతోపాటు టైరు కూడా పోతే ఇస్తుందట. ఈ ముక్క తెలిశాక ఆయన ఇక ఆగుతాడా. పెదనాన్నతో ఒక మాటైనా చెప్పకుండా, కారు కల్వర్టుకి గుద్దుకుందని పేటలో ఆఫీసుకి కబురు పంపేశాడు. మర్నాడు పొద్దున నష్టం చూడ్డానికి కంపెనీ సర్వేయరు వస్తాడని జవాబు కూడా తెచ్చాడు. ఆ వెంటే నాపరాళ్ళ దగ్గర అడిగి ఒక సమ్మెట భుజాన వేసుకుని మా వాకిట్లోకి వచ్చాడు.

"ఒక్క దెబ్బ బావా. మడ్‌గార్డు మీద. నువ్వు కొట్టలేకపోతే పక్కకి జరుగు, నేను కొడతా. కంపెనీ సొమ్మేగా, ఎవుడిది?"

పెదనాన్న సమ్మెట చేతిలోకి తీసుకున్నాడు. కొడతాడనే అనుకున్నాను. ఆయన మొహం అంతకుముందెప్పుడూ అంత నల్లబడగా చూడలేదు. పక్కింటి గోడ అవతల అక్క నడుస్తున్న చప్పుడు వినపడుతోంది. ఆయన ఒకసారి ఆ గోడ వైపు చూశాడు, ఒకసారి కారు వైపు చూశాడు.

అప్పుడు మా పెద్దమ్మ వంటింట్లోంచి వచ్చింది. ఒక చేత్తో రేకు డబ్బా ఈడ్చుకొచ్చి వాకిట్లో పెట్టింది. రెండో చేత్తో మా బియ్యం జాడీ చంకనెత్తుకుని వచ్చింది. ఆ జాడీలో ఉన్న బియ్యం అరుగు మీది చాటలోకి వంపి, జాడీని నేల మీద బోర్లించింది. ఇదేం పిచ్చో మాకెవరికీ అర్థం కాలేదు. ఆవిడ తాపీగా కొంగుతో చేతులు తుడుచుకుని తమ్ముడితో అంది.

"రేయ్, ఈ డబ్బాలో బియ్యమంతా మనింటికి తీసుకుందాం. ఆదివారం అందరికీ చెప్పు, మా అక్క ఇంటో గింజలు లేవని."

"ఏందక్కా ఆ మాట? చాట నిండా ఉన్నయ్ గదా."

"చాట లోపల పెట్టేస్తా. ఎవరన్నా వొస్తే ఈ జాడీ చూపిద్దాం. బోర్లించుంది గదా, నమ్ముతారు. ఊరి బియ్యమేగా, ఎవరిది?"

ఆ డబ్బాలో మామయ్య వాళ్ళ ఇంటి పిడికెళ్ళు కూడా ఉన్నాయి. పెదనాన్న చాలాసేపు ఆ బోర్లించిన జాడీ వంకే చూశాడు. తర్వాత సమ్మెటని గోడకి ఆనించి, తువ్వాలుతో మడ్‌గార్డు తుడవడం మొదలుపెట్టాడు. తుడవడానికి అక్కడ దుమ్మేం లేదు. మామయ్య అలిగి కాఫీ తాగకుండా వెళ్ళిపోయాడు. మా ఇంట్లో కాఫీ వద్దనడం ఆయన జన్మలో అదే మొదటిసారి.

మర్నాడు వచ్చిన సర్వేయరు కళ్ళజోడు పెట్టుకున్న పెద్దమనిషి. కారు చుట్టూ ఒకసారి తిరిగి, కల్వర్టు ఎక్కడుందని అడిగాడు. పెదనాన్న కల్వర్టు లేదన్నాడు. కబురు తప్పు వచ్చిందని, రాయి కోసి టైరు పోయిందని, కారుకి ఏమీ కాలేదని ఉన్నదున్నట్టు చెప్పాడు. సర్వేయరుకి కోపం వస్తుందని నేను తలుపు చాటున భయపడుతున్నాను. ఆయన మాత్రం అరుగు మీద కూర్చుని మంచినీళ్ళడిగి, నిదానంగా విడమరిచి చెప్పాడు. టైరు రోజూ అరిగే వస్తువు. అరిగినా, మేకు దిగినా, దానంతటది పగిలినా కంపెనీ పూచీ పడదు. కారు ప్రమాదంలో దెబ్బతిని, అదే దెబ్బకి టైరు కూడా పోతే అప్పుడిస్తుంది. అదైనా సగమే, ఎందుకంటే మిగతా సగం మనం తిరిగి అరగదీసి ఉంటాం. ఇలా చెప్పి, వెళ్ళబోతూ ఆగి, వెనక చక్రాల్లో బాగున్నదాన్ని ముందుకి మార్చుకుని, స్టెప్నీని వెనక్కి వేసుకోమన్నాడు. పదిమందినీ ఎక్కించుకునే బండి, జాగ్రత్త అన్నాడు. టైరు ఇవ్వలేకపోయినా ఆయన ఆ మాట ఇచ్చి వెళ్ళాడు. నాకు ఆయన మీద ఇప్పటికీ గౌరవం ఉంది.

ఆ వారంలోనే ఒక సాయంత్రం, ఇంకా ఎండ ఉండగానే, పక్కింటి అక్కకి నొప్పులు వచ్చాయి. వెనక సీట్లో అక్క, పక్కన వాళ్ళత్త, మా పెద్దమ్మ. అక్క నా చెయ్యి వదలకపోవడంతో నేనూ వాళ్ళ కాళ్ళ దగ్గర ఇరుక్కున్నాను. పెదనాన్న గేరు వేసి, పెదవులు కదుపుతూ ప్రార్థన చేసుకున్నాడు. వేగంగా పోతే టైరు ఉండదు, మెల్లగా పోతే ఆలస్యం. కారు మలుపు దగ్గరికి వచ్చేసరికి రోడ్డు మధ్యలో ఒక మోటారు సైకిలు అడ్డంగా నిలబెట్టి ఉంది. దాని ముందు, పంచె ఎగ్గట్టి, నడుం వంచి, మా మామయ్య నాపరాతి పెచ్చులు ఏరి పక్కకి విసురుతున్నాడు. నొప్పుల సంగతి తెలిసి మాకంటే ముందే బయల్దేరి వచ్చాడన్నమాట. తెల్ల చొక్కా వీపంతా తడిసిపోయింది.

"నడిమి నించే పోనియ్ బావా. ఎడంపక్కకి రామాక, అక్కడింకా ఉన్నయ్" అని, మేం దాటగానే మోటారు సైకిలు ఎక్కి మళ్ళీ మా ముందుకొచ్చాడు. పేట పొలిమేర దాకా ముందు ఆయన, వెనక మేము. ఎక్కడ రాయి కనపడినా దిగడం, తన్నడం, ఎక్కడం. అంత నొప్పిలోనూ అక్క ఒకసారి తల ఎత్తి ఆయన్ని చూసి నవ్వింది. స్టెప్నీ ఆసుపత్రి గేటు దాకా నిలబడింది. చీకటి పడకముందే ఆడపిల్ల పుట్టింది, తల్లీ బిడ్డా క్షేమం. పెదనాన్న బయట చక్రం పక్కనే నేల మీద కూలబడి చిన్నపిల్లాడిలా ఏడ్చాడు.

ఆ ఆదివారం ఆరాధన అయ్యాక ఆడవాళ్ళంతా ఇళ్ళకి వెళ్ళకుండా మా అరుగు మీదికొచ్చారు. ఆ విడత డబ్బాలో బియ్యం అమ్మి కారుకి టైరు వేయించాలని వాళ్ళలో వాళ్ళే అనుకున్నారు. పెద్దమ్మ ససేమిరా అంది. తన పొయ్యి వెలుగుతూనే ఉందని, ఆ బియ్యానికి తాను తగనని వాదించింది. అప్పుడు పక్కింటి అక్క అత్తగారు కాస్త కసురుకుంది.

"నీ పొయ్యి సంగతి నిన్నెవరడిగారే? ఆ కారు తిరక్కపోతే ఆరిపోయేది మా పొయ్యిలు. నోరు మూసుకుని డబ్బా ఇట్టా తే."

పెద్దమ్మ నోరు మూయించగలిగిన మనిషిని నేను అప్పుడే చూశాను. బియ్యం సరిపోలేదు, తలా కొంచెం మళ్ళీ తెచ్చి కలిపారు. కొత్త టైరు వచ్చింది. ఆ రోజు నుంచి పెద్దమ్మ ప్రతి పూటా ఒక పిడికెడు బదులు రెండు తీసేది. చాలా రోజులకి పత్తి లారీ ఒకటి మా కారుని నిజంగానే గుద్దింది. మడ్‌గార్డు నుజ్జయింది, టైరు కూడా పోయింది. ఆ సర్వేయరే వచ్చి, పెదనాన్న చెప్పింది చెప్పినట్టు రాసుకుని, ఎదురు ప్రశ్న వేయకుండా వెళ్ళాడు. మడ్‌గార్డు బాగుచేయించడానికీ, చెప్పినట్టే టైరులో సగానికీ డబ్బు వచ్చింది.

మొన్న వానల్లో మా మనవరాలి కారు గురజాల రోడ్డు మీద గుంటలో పడి టైరు పక్కన చీలింది. ఈ కాలంలో టైర్లకి విడిగా ఇన్సూరెన్స్ కవర్ అమ్ముతున్నారట, తను తీసుకోలేదట. బంపర్ కూడా గీసేసి ఫొటో తీసి పంపమని మెకానిక్ చెప్పాడని ఫోన్లో నవ్వుతూ చెప్పింది. తనకి మా పెద్దమ్మ బోర్లించిన జాడీ కథ చెప్పాను. "సరేలే అమ్మమ్మా, టైరు నేనే కొనుక్కుంటా" అంది.

ఆ రేకు డబ్బా ఇప్పుడు నా వంటింట్లో ఉంది. మా ఆయన చిన్న వయసులోనే పోయారు. ఆ నెలలో ఒకరోజు మా బియ్యం డబ్బా నిజంగానే అడుగంటింది. ఎలా తెలిసిందో, మా చర్చి ఆడవాళ్ళు మూట తెచ్చి వంటింట్లో పెట్టి వెళ్ళారు. ఎవరూ ఏమీ అడగలేదు, ఎవరూ మూత తీసి చూడలేదు. అంత నమ్మకంతో పెట్టిన అన్నం తిని నా పిల్లలు పెరిగారు. ఇప్పటికీ బియ్యం కడగబోయే ముందు ఒక పిడికెడు తీస్తాను. గుప్పిట మూసుకోగానే మా పెద్దమ్మ జ్ఞాపకం వస్తుంది, ఇంకో పిడికెడు తీస్తాను.