ముప్పై నిమిషాల టేపు, ముప్పై ఆరు నిమిషాల విషం

మా అమ్మ రేకుపెట్టె మూత ఎత్తితే ఇప్పటికీ ముందు జీడి వాసనే వస్తుంది. నేతిలో వేయించిన జీడిపప్పు కమ్మదనం కాదు, పిక్కల పెంకు కాలుతున్నప్పుడు లేచి గొంతు పట్టుకునే, రసం అంటుకుంటే చర్మాన్ని పొక్కించే జీడి వాసన. పలాసలో రైలు దిగిన కొత్తవాళ్ళు ఆ పొగకి ముక్కు మూసుకుంటారు గానీ, నాకు మాత్రం అది సాయంత్రం పని దిగి ఇంటికొచ్చిన అమ్మ వాసన. మొన్న అమ్మ ఉండడానికి టెక్కలిలోని మా ఇంటికి వస్తూ ఆ పెట్టె కూడా తెచ్చుకుంది. బట్టలు సర్దుతుంటే పాత నేతచీర మడతల్లో ఒక టేప్‌రికార్డరు, దాన్లో ఒక క్యాసెట్టు దొరికాయి. టేప్‌రికార్డరుకి క్యాసెట్టు పెట్టేచోట ఉండాల్సిన తలుపు ఏనాడో ఊడిపోయింది. క్యాసెట్టు మీద గోపీ మావయ్య కోడిగీతల్లో 'మథనం, మొదటి వైపు' అని ఉంది. తిప్పి చూస్తే రెండో వైపు ఏమీ రాసిలేదు.

పూండి స్టేషనుకీ అక్కుపల్లి సముద్రానికీ మధ్య మా ఊరు. నాకు తొమ్మిదేళ్ళప్పుడు వచ్చిన తుఫాను మా కొబ్బరితోటని పడుకోబెట్టేసింది. దాని ముందు మా తోటల సీమ ఉద్దానం ఎలా ఉండేదో చెప్తే మా పిల్లలు నమ్మరు. మిట్టమధ్యాహ్నం కూడా ఎండ నేలమీద చిల్లుల దుప్పటిలా పడేది, వేసవిలో జీడిమామిడి పళ్ళు కోసి ఉప్పూ కారం అద్దుకుని తింటే నాలుక మొద్దుబారిపోయేది, పనసపళ్ళు తిన్నన్నాళ్ళు తిని పిక్కలు ఇసకలో దాచుకుంటే వానాకాలం ముసురులో అవే కూరయ్యేవి, చోడంబలి, అదే రాగి అంబలి, ముంత పట్టుకుని పచ్చిమిరపకాయ కొరుక్కుంటూ పెద్దవాళ్ళు గట్టుమీద కూర్చుని ఏ చెట్టు ఎవరి తాత నాటాడో వాదించుకునేవారు. తుఫాను తర్వాత వాదించుకోవడానికి చెట్లే మిగల్లేదు. అమ్మ పలాసలో జీడిపప్పు ఫ్యాక్టరీకి పిక్కలు కొట్టే పనికి వెళ్ళడం మొదలుపెట్టింది. విశాఖపట్నంలో చదువుతున్న అమ్మ తమ్ముడు గోపీ మావయ్య, చదువు ఆపేసి మొక్కలు నాటడానికి మా ఇంటికి వచ్చేశాడు. వస్తూ వస్తూ ఒక గిటారు, ఈ టేప్‌రికార్డరు, ఒక విదేశీ క్యాసెట్టు తెచ్చాడు.

ఆ విదేశీ క్యాసెట్టు నన్ను కొన్నాళ్ళు భయపెట్టింది. ఒక వైపంతా ఒకటే పాట. మెల్లగా మొదలై, ఉరిమి, మళ్ళీ పిల్లనగ్రోవిలా అయిపోయి, మధ్యలో ఎవరో ఏడ్చి, చివరికి అన్ని వాయిద్యాలూ ఒక్కసారి మీద పడేవి. అది వాళ్ళ దేశపు పాత దేవతల కథ అనీ, రాక్ సంగీతంలో అలా పాటంతా కలిపి ఒకే కథ చెప్పే పద్ధతి ఉందనీ మావయ్య చెప్పాడు. మొక్కలకి నీళ్ళు పోస్తూ కూడా వేళ్ళతో ఏడేడు లెక్కపెట్టుకునేవాడు. ఆ పాటలో తాళం ఏడు దెబ్బలట, అది చేతికెక్కడానికి హాస్టల్లో ఆరు నెలలు పట్టిందట.

ఒకనాడు అప్పన్న తాత మా పాకలో కూర్చుని ఆ క్యాసెట్టు విన్నాడు. అప్పన్న తాత మాకు చుట్టం కాదు, పక్కింటాయన. అమ్మవారి సంబరాల్లో జముకు వాయిస్తూ కథ చెప్పేవాడు. జముకంటే ఒకవైపు తోలు మూసిన చిన్న డోలు, దాని కడుపులోంచి ఒక తీగ వస్తుంది. తీగ లాగి మీటితే జుంజుమ్మని ఏడుస్తుంది, నవ్వుతుంది, కావాలంటే తిడుతుంది కూడా. తుఫాను తర్వాత సంబరాలు చిక్కిపోయి ఆయన్ని పిలిచేవాళ్ళు తగ్గారు. తాత కాసేపు తలాడించి, జముకు తెచ్చి ఆ ఏడు దెబ్బలూ తడుముకోకుండా వాయించేశాడు.

"దీనికి ఆర్నెల్లు పట్టిందేట్రా నీకు? పాల సముద్రం చిలికిన కతంతా నానిలగే సెప్తాను" అన్నాడు.

మావయ్య ఆ పూట అన్నం తినలేదు. తింటున్నవాళ్ళనీ తిననివ్వలేదు. క్షీరసాగర మథనం కథ ఒక క్యాసెట్టులో చేస్తానన్నాడు. మొదటి వైపు మందర పర్వతం, వాసుకి తాడు, విషం. రెండో వైపు అమృతం. గిటారు తనది, కథా జముకూ తాతవి, పిక్కలు కొట్టే కొయ్య సుత్తితో తాళం అమ్మది, మీట నొక్కడం నాది. "తోట పోయింది, కథైనా మిగలాలి కదా" అన్నాడు. పట్టుదల ముందు పుట్టి తర్వాత మా మావయ్య పుట్టాడని అమ్మ అంటుండేది, ఆ మాటలో సగం తిట్టు, సగం మురిపెం.

తొందర ఉంది. తాత కాళ్ళు అప్పటికే ఉబ్బుతున్నాయి. మా ప్రాంతంలో చాలా ఇళ్ళలోకి వచ్చినట్టే ఆ కిడ్నీల జబ్బు ఆయన ఇంట్లోకీ వచ్చింది. ఆ కథ మొత్తం వచ్చినవాడు చుట్టుపక్కల ఆయనొక్కడే. ఆయన ఊపిరి ఉండగా అది టేపుకి ఎక్కాలి, లేకపోతే ఇక లేదు.

కొబ్బరిపీచు నిల్వచేసే కొట్టు మా స్టూడియో. పీచు బస్తాలు నాలుగు వైపులా పేర్చితే బయటి కాకి అరుపు కూడా లోపలికి రాదు. అమ్మకి సెలవున్న రోజు మధ్యాహ్నం అందరం అందులో దూరేవాళ్ళం. చెమటకి పీచు అంటుకుని దురద, నోరు తెరిస్తే ధూళి, దగ్గు వస్తే మింగాలి. కరెంటు ఎప్పుడు పోతుందో తెలియదు కాబట్టి టేప్‌రికార్డరు బ్యాటరీల మీదే నడిచేది. అవి నీరసపడితే తీసి కొట్టు కప్పు పెంకుల మీద ఎండలో పెట్టడం నా పని. ఎండ తాగితే మళ్ళీ కొన్నాళ్ళు బతికేవి.

మొదటిసారి అంతా బ్రహ్మాండంగా సాగింది. సముద్రంలోంచి హాలాహలం లేచింది, దేవతలూ రాక్షసులూ చెల్లాచెదురయ్యారు, సరిగ్గా అప్పుడు టక్కుమని మీట పైకి లేచింది. ముప్పై నిమిషాలు, టేపు అయిపోయింది. మావయ్య గిటారు దించాడు. తాత మాత్రం ఆగలేదు. శివుడు వచ్చి విషం మింగి గొంతులో నిలుపుకునేదాకా ఉత్త గాలికి పాడాడు, ఆ తర్వాతే జముకు కింద పెట్టాడు.

"అక్కడికాపి, మిగిలింది రెండో వైపు పాడదాం తాతా" అన్నాడు మావయ్య.

"యిషాన్ని బయటొగ్గీసి టీ తాగుతావేట్రా? ఊరేటైపోవాల? యిషం పుట్టినాక మింగీదాకా కత ఆపకూడదు. మా అయ్య ఆపనేదు, నానాపను."

ఇక అక్కడ మొదలైంది మథనం. పాము తల వైపు ఒకరు, తోక వైపు ఒకరు. కథ ముప్పై ఆరు నిమిషాలు, వైపు ముప్పై నిమిషాలు. తొంభై నిమిషాల క్యాసెట్టు తెస్తే దాని టేపు మరీ పలచన, మా టేప్‌రికార్డరు రెండు క్యాసెట్లని సేమియా లాగా నమిలేసింది. త్వరగా పాడమంటే తాత ఒప్పుకోలేదు. మావయ్య తన ఏడు నిమిషాల గిటారుని, కన్నబిడ్డని కోసుకున్నంత బాధగా, ఒకటిన్నర నిమిషానికి కోసుకున్నాడు. ఆ ఖాళీలో తాతకి వాసుకి పడగల వర్ణన గుర్తొచ్చింది. మళ్ళీ ముప్పై ఆరే. ఆ వేసవిలో ఐదుసార్లు విషం పుట్టింది, ఐదుసార్లూ అది బయట ఉండగానే టేపు అయిపోయింది. తాత మాత్రం ఐదుసార్లూ దాన్ని మింగించే లేచాడు, ప్రతిసారీ లేవడానికి మావయ్య భుజం ఇంకాస్త గట్టిగా పట్టుకుంటూ.

ఆరోసారికి మావయ్య పలాస నుంచి కొత్త బ్యాటరీలు తెచ్చాడు. పాతవాటికే ఎండ అంత బలమిస్తే కొత్తవాటికి ఇంకెంత ఇస్తుందోనని, పదకొండేళ్ళ ఆడగుంటని, నా తెలివి కొద్దీ, వాటినీ తీసుకెళ్ళి పాతవాటి పక్కనే పెంకుల మీద పెట్టాను. తీసేటప్పుడు ఏవి ఏవో తెలియలేదు. అన్నీ ఒకే రంగు, అన్నీ వేడిగా ఉన్నాయి. నాలుగు ఏరి వేసేశాను, ఎవరికీ చెప్పలేదు.

ఆ రోజు తాత గోడకి ఆనుకునే పాడాడు. అమ్మ రాయి మీద కొడుతున్న సుత్తి దెబ్బలో జీడి ఫ్యాక్టరీ మొత్తం వినిపించింది. మావయ్య గిటారు మీద కన్నా చేతి గడియారం మీదే ఎక్కువ కన్నేశాడు. ముప్పై నిమిషాలయ్యాయి, మీట లేవలేదు. ముప్పై రెండు. ముప్పై నాలుగు. టేపు చుట్టుకుపోయిందనుకున్నాడు మావయ్య, కానీ ఆపే ధైర్యం ఎవరికుంది? శివుడు విషం తీసుకున్నాడు, పార్వతి గొంతు దగ్గర చెయ్యి పెట్టి ఆపింది, తాత జముకు తీగ మీద వేలు పెట్టి దాని ఏడుపు ఆపాడు. నాలుగు క్షణాల తర్వాత మీట టక్కుమంది.

మావయ్య తాతని ఎత్తుకున్నంత పని చేశాడు. వినాలి కదా! చేతికందిన మిగతా నాలుగు బ్యాటరీలూ వేసి మీట నొక్కాడు. అప్పన్న తాత చంటిపిల్లాడి గొంతుతో కీచుకీచుమని పరుగెత్తుతూ పాడాడు, కథ నడిచేకొద్దీ ఇంకా చిన్నవాడైపోయాడు. అమ్మ కళ్ళల్లో నీళ్ళొచ్చేలా నవ్వింది. నేను భయంతో ఏడ్చాను, ఏడుస్తూనే జరిగింది చెప్పేశాను. మావయ్యకి అర్థమైంది. రికార్డు చేస్తున్నప్పుడు చచ్చుబ్యాటరీల వల్ల టేపు మెల్లగా తిరిగింది, అందుకే ముప్పై నిమిషాల్లో ముప్పై ఆరూ పట్టాయి. కొత్తవాటి మీద వింటే వేగంగా తిరుగుతోంది.

తల పట్టుకుని, "మళ్ళీ చేద్దాం తాతా" అన్నాడు.

"ఒకపాలి మింగిన యిషం మళ్ళీ కక్కమంతావేటి? నేదు. సిన్నప్పుడు నా గొంతిలగే ఉండీది, బాగుంది" అని తాత, ఏడుస్తున్న నన్ను దగ్గరకి పిలిచాడు. "గుంట తప్పు సేసినాది గానీ శివుడికి దారిచ్చినాది."

అమృతం వచ్చే వారం అనుకున్నాం. వచ్చే వారం తాతని శ్రీకాకుళం ఆసుపత్రికి తీసుకెళ్ళారు. దసరా లోపే పోయాడు. రెండో వైపు అలాగే ఉండిపోయింది. మా ఊరికి విషం అందింది, అమృతం అందలేదని చాలా ఏళ్ళు నాకు కోపంగా ఉండేది.

ఇప్పుడు పీచు కొట్టు లేదు. బ్యాటరీలు ఎండలో పెట్టేవాళ్ళు లేరు. సంబరాల్లో జముకు బదులు పెద్ద పెద్ద స్పీకర్లు పెడుతున్నారు, ఆ స్పీకర్లు అద్దెకిచ్చేవాళ్ళలో మా మావయ్య కూడా ఒకడు. ఆయన నాటిన కొబ్బరి చెట్లు కాపుకొచ్చాయి, మొండివాడి చెట్లు కాయక ఏం చేస్తాయి.

మొన్న కొత్త బ్యాటరీలు వేసి మీట నొక్కాను. అదే చంటిపిల్లాడి కీచుగొంతు. ఈసారి అమ్మ నవ్వలేదు. అప్పుడు తలుపులేని చోట వేలు పెట్టి, తిరుగుతున్న చక్రాన్ని మెల్లగా ఒత్తాను. గొంతు బరువెక్కింది. ఇంకాస్త ఒత్తితే ముసలితనం వచ్చింది. ఒక్కసారిగా అప్పన్న తాత మా హాల్లో కూర్చుని, మందర పర్వతాన్ని ఎత్తుతున్నాడు. కథ నడిచేకొద్దీ ఒత్తిడి పెంచాలి, వదిలితే పారిపోతాడు. పదిహేను నిమిషాలకి వేలు తిమ్మిరెక్కింది, ఇరవైకి మణికట్టు లాగింది. హాలాహలం లేచింది. అప్పుడే ఫోను మోగింది. చెయ్యి కదిలిందేమో, తాత గొంతు కాస్త వణికింది.

అమ్మ, జీడిరసానికి నల్లబడిపోయిన ఆ వేళ్ళతో, నా మోచెయ్యి పట్టుకుంది.

"ఏలు తియ్యకే గుంటా. ఇంకా మింగనేదు."

నేను తియ్యలేదు.