తొండకు పెట్టిన చీకటి

నిన్న పొద్దున తిరుత్తణిలో మా ఇంట్లో గాజుపెట్టె లైటు టక్కుమని తనంతట తానే వెలగగానే, లోపలి తొండ కళ్లు తెరిచి, నేను వేసిన మునగాకు అందుకుని నమిలింది. వారానికి పైగా ఏమీ ముట్టని జీవం అది. నాకు మా అమ్మ గుర్తొచ్చింది. తొండ తింటే అమ్మ గుర్తుకు రావడమేమిటని నవ్వకండి, చెబుతాను.

ఆ తొండ మా మనవరాలిది, గడ్డం కింద ముళ్లున్న సీమతొండ. చెన్నైలో హాస్టల్లో చేరబోతూ, పగలంతా లైటు వెయ్యాలి, పొద్దుగూకితే ఆర్పెయ్యాలి అని పదేపదే చెప్పి, మా ఆవిడకు అప్పగించి వెళ్లింది. "తొండ ముదిరితే ఊసరవెల్లంట, ఇది ముదిరితే ఏమైతాదో మామా!" అని మొదట్లో వేళాకోళం చేసిన మా ఆవిడే, నాలుగు రోజులు తిరక్కుండా దాన్ని బంగారూ అని పిలవసాగింది. అయితే సందెవేళ ఇంట్లో ఏ మూలా చీకటిగా ఉండకూడదన్నది ఆమె పట్టింపు. దేవుడి దీపంతోపాటు పెట్టె లైటూ వేసేది, వెలిగించినదాన్ని చేత్తో ఆర్పకూడదని తెల్లవార్లూ అలాగే ఉంచేది. పాపం, తొండ తిండి మానేసి, రంగు మాసి, ఓ మూల ముడుచుకుంది. "నా చేతుల్లో పోతాదేమో మామా, బిడ్డకు ఏం చెప్పేది?" అని ఒకటే ఏడుపు.

దాన్ని చూస్తే నాకు నేనే కనిపించాను. ఆత్తిపట్టులో కరెంటు తయారుచేసే చోట కొత్తగా చేరిన రోజుల్లో నాది రాత్రి షిఫ్టు, వండిపెట్టడానికి కడంబత్తూరు నుంచి అమ్మ వచ్చి నా అద్దెగదిలో ఉండేది. పగటి వెలుతురుకు నిద్ర పట్టక పొర్లి పొర్లి, సాయంత్రానికి కాస్త కన్ను మూతపడేసరికి, సందెవేళ పడుకుంటే లక్ష్మి నిలవదంటూ అమ్మ లైటు వేసి లేపేది. రానురాను ముద్ద దిగక, ఇక ఉద్యోగం మానేస్తానన్నాను. ఆ సాయంత్రం అమ్మ ఏమనుకుందో ఏమో, తన పాత నూలుచీర రెండు మడతలు వేసి కిటికీకి కట్టి, దీపం గడప బయట పెట్టి, "లక్ష్మి వాకిట్లోనే కూసుంటాదిలే, నువ్వు నిద్రపోరా" అని తలుపు మూసి, ఎవరూ నన్ను పిలవకుండా అక్కడే కాపలా కూర్చుంది. ఆ నిద్రతో నేను మనిషినయ్యాను, ఆ ఉద్యోగంతోనే ఇల్లు కట్టాను.

ఇదంతా మా ఆవిడకు చెప్పి, బజారుకెళ్లి టైమరు తెచ్చి బిగించాను. సాయంత్రం లైటు ఆరగానే ఆమె తన పాత చీర తెచ్చి పెట్టె మీద కప్పి, దీపం తీసుకెళ్లి వాకిట్లో పెట్టింది. అలా కొన్నాళ్లు గడిచాక, నిన్న ఆ మునగాకు. మనవరాలు ఆదివారం వస్తోంది, మా ఆవిడ అప్పుడే పిండివంటలకు దిగింది.

ఈ రోజుల్లో వెలుతురుకు ఎవరి చెయ్యీ అక్కర్లేదు, వేళకు అదే వస్తుంది, అదే పోతుంది. మా అమ్మ మాత్రం నాకు చీకటిని కూడా తన చేత్తోనే పెట్టింది.