లోలకం ఆపిన గంట

గడియారాల నూనె వాసన తగిలితే చిక్కపేటలో మామ దుకాణం గుర్తొస్తుంది. అక్కడ పని నేర్చుకుంటూ, గ్రంథాలయంలో చదివిన మాయల కథలు తలకెక్కి, మామకు కాలాన్ని ఆపే విద్య తెలుసని నమ్మాను.

యుద్ధకాలంలో గంట ముందుకు జరిపించిన గడియారాలన్నీ, యుద్ధం ముగిశాక మళ్ళీ గంట వెనక్కి పెట్టమంది సర్కారు. ఆ రోజు అమ్మ జ్వరంతో స్పృహ లేకుండా ఉంది. మామ మా ఇంటి గోడగడియారం లోలకం ఆపాడు.

"ముల్లు ఎనక్కి తిప్పు మామా, అమ్మ లేస్తాది."

"ఎనక్కి తిప్పితే లోపల చక్రాల పళ్ళు ఇరుగుతాయప్పా. ఊరికే గంటసేపు ఆపాల, అంతే."

కాలం ఆగింది కదా, అమ్మకేమీ కాదనుకున్నాను. లోలకాన్ని ఎవరూ ముట్టకుండా కింద కాపలా కూర్చున్నాను. ముల్లు కదలనేలేదు. అమ్మ పడుకున్న గదిలోంచి ఏడుపులు వినిపించాయి.

తర్వాత కాలం గురించి దొరికిన పుస్తకమల్లా చదివాను. ఆ గంట అమ్మ పక్కన కూర్చోవలసింది.