గోడవైపు తిరిగిన పెళ్ళికూతురు

మగవాళ్ళు వినకూడని భోజ్‌పురి పెళ్ళిపాటలను బీహార్‌లో ఒక పల్లెటూళ్ళో, తలుపు వెనక దాక్కుని విన్న ఒకే ఒక్క తెలుగువాణ్ణి నేను.

ఈ మాట చాలామంది దగ్గర అన్నాను. నిజానికి బీహార్ నేనెప్పుడూ చూడలేదు. ఆ పాట విన్నది అమెరికాలో, టెక్సస్‌లోని ఇర్వింగ్‌లో, మా అబ్బాయి అద్దెకుంటున్న అపార్ట్‌మెంట్‌లో. దాక్కోనూ లేదు. పకోడీల ప్లేటు పట్టుకుని వంటింటి గట్టు దగ్గర నిలబడ్డాను.

మా కోడలిది భోజ్‌పురి కుటుంబం. పెళ్ళైన మర్నాడు మధ్యాహ్నం వాళ్ళ నానీ, అంటే అమ్మమ్మ, కోహబర్ సిద్ధం చేయించింది. కొత్త దంపతులను మొదటిసారి ఒంటరిగా వదిలే గది అది. దాని గోడ మీద బియ్యప్పిండితో తామరలు, వెదురు గుబుర్లు వేయాలట. అద్దె గోడ కాబట్టి చార్ట్ కాగితం మీద వేసి టేపుతో అంటించారు. ఆ గది ముందు ఆడవాళ్ళంతా కార్పెట్ మీద చేరారు.

"మావయ్యా, ఇది లేడీస్ ఓన్లీ," అంది కోడలు.

"ముసలాణ్ణి, నేను లెక్కలోకి రానమ్మా," అని అక్కడే ఉన్నాను.

అమ్మమ్మ పాట ఎత్తుకుంది. తల వంచుకుని కూర్చోవలసిన పెళ్ళికూతురు మా ఆవిడ పక్కన చేరి, వచ్చీరాని తెలుగులో చరణం చరణానికీ అర్థం చెప్పింది. పాటలో పెళ్ళికూతురు గోడవైపు తిరిగి పడుకుంటుంది. ఎందుకని అడుగుతాడు పెళ్ళికొడుకు. దీపం వెలుగు అంటుంది. ఆర్పేసి మళ్ళీ అడుగుతాడు. గాజులు మోగితే బయట వదినలు నవ్వుతారంటుంది. వాళ్ళను పంపేసి వచ్చి మళ్ళీ అడుగుతాడు. అప్పుడు చెబుతుంది, అమ్మ గుర్తొస్తోందని. అతను చాచిన చెయ్యి వెనక్కి తీసుకుని నేలమీద కూర్చుంటాడు.

నా నోరు ఊరుకోదు కదా.

"మా మొదటి రాత్రీ అచ్చం ఇంతే," అన్నాను. "మీ అత్తయ్య సిగ్గుతో గోడవైపు తిరిగింది. తెల్లారేదాకా ఇటు తిరగలేదు. నేను మంచం పట్టెమీద కూర్చుని పద్యాలు చదువుతూనే ఉన్నాను."

ఈ కథ మా పెళ్ళైన దగ్గరనుంచీ ఈ దేశంలో ప్రతి పార్టీలోనూ చెబుతున్నాను. చెప్పినప్పుడల్లా మా ఆవిడ లేచి వంటింట్లోకి వెళ్ళిపోతుంది. చూశారా, ఇంకా సిగ్గే అనేవాణ్ణి. అందరూ నవ్వేవాళ్ళు. ఆ రోజు వంటింటికి దారిలో నేనే అడ్డంగా నిలబడి ఉన్నాను. ఆవిడ లేవలేదు.

కోడలు నా కథ అమ్మమ్మకు చెప్పింది. ముసలావిడ నవ్వలేదు. నావైపు చూసి ఏదో అంది.

"మావయ్యా, నానీ అడుగుతోంది. ఎందుకు తిరిగావని మీరు అత్తయ్యని అడిగారా?"

"అడిగేదేముందమ్మా, సిగ్గని తెలుస్తూనే ఉంటేనూ."

మా ఆవిడ మడతపెడుతున్న పట్టుచీర ఒళ్ళో పెట్టుకుంది. నావైపు చూడకుండా కోడలితో అంది.

"అడగలేదని చెప్పమ్మా మీ నానీకి. సిగ్గు కాదు, ఆ రాత్రి ఏడుస్తున్నాను. ఈయన సెలవు అయిపోతోందని నన్ను పరీక్షలు రాయనివ్వకుండా పీటలమీద కూర్చోబెట్టారు. పద్యాలూ లేవు, పాడూ లేదు. అమెరికాలో తన కారు ఎంత పొడుగో చెప్పి, గురకపెట్టి పడుకున్నారు."