గూఢచారి చొక్కాకు రఫూ

అశ్వారావుపేట దగ్గర పామాయిల్ తోటలో పెద్ద గూఢచారి సినిమా షూటింగ్ జరిగింది. కథ ప్రకారం ఆ తోట మలేషియా. బట్టలు సరిచేయడానికి మనిషి కావాలని, ఊళ్లో టైలర్‌నైన నన్ను పిలిచారు. అప్పటిదాకా నేను కుట్టినవి జాకెట్లు, స్కూలు యూనిఫాంలు.

రెండో రోజు మధ్యాహ్నం కాస్ట్యూమ్స్ చూసే అతను హీరో చొక్కా తెచ్చి, "అక్కా, దీన్ని కొంచెం సరిచేసి పెట్టు, రేపు పొద్దున్నే కావాలి" అన్నాడు. అతను చెప్పింది ఊగుతున్న గుండీ గురించి. నాకు గుండీ కనపడలేదు. ఛాతీ మీద అంచులు కాలిన మూడు చిల్లులు కనపడ్డాయి. కథ నాకెవరూ చెప్పలేదు. లోపలి మడతలోంచి దారాలు లాగి, నేతలో నేత కలిపి, సాయంత్రం దాకా మూడింటికీ రఫూ చేశాను. ఎర్ర మరకలుంటే ఉతికాను. రెండుసార్లు సబ్బు పెడితే గానీ వదల్లేదు. ఇస్త్రీ చేశాక చిల్లు ఎక్కడుండేదో నాకే తెలియలేదు. చాలా తృప్తిగా ఇంటికి వెళ్లాను.

మర్నాడు హీరో ఆ చొక్కాతో కెమెరా ముందు పడుకున్నాడు. డైరెక్టర్ చూసి, "తూటాలు ఎక్కడ తగిలాయి?" అన్నాడు. అందరూ కాస్ట్యూమ్స్ అతన్ని చూశారు. అతను నన్ను చూశాడు.

"నేనే కుట్టిన సార్. మంచిగ కుదిరింది, చూడుండ్రి" అన్నాను.

డైరెక్టర్ చొక్కాను వేళ్లతో తడిమి చూశాడు. "నిజంగానే బాగా కుదిరిందమ్మా. ఇప్పుడు విప్పు."

ఇంకో చొక్కా హైదరాబాద్ నుంచి రావడానికి ఒక రోజు పడుతుందట. ఫోన్‌లో చిల్లులున్నప్పటి చొక్కా ఫొటో పెట్టుకుని, టేపుతో కొలిచి, కుట్లు విప్పి, అగరుబత్తితో అంచులు కాల్చాను. ఇన్నేళ్లలో మంచి బట్టకు చిల్లు పెట్టడం అదే మొదటిసారి. ఎర్ర మరకలు వాళ్లే మళ్లీ పూశారు. పనంతా మధ్యాహ్నం దాకా ఆగిపోయింది. సిగ్గుతో అన్నం సహించలేదు.

అప్పుడు హీరో పిలిచాడు. "కుట్టింది మీరేనా?"

"అవ్ సార్. తెల్వక చేసిన."

"మీ పుణ్యాన రెండు గంటలు నిద్రపోయాను" అని, సంచిలోంచి పాత ఉన్ని శాలువా తీశాడు. "మా అమ్మది. ఇది నిజంగానే చిరిగింది. దీన్ని విప్పమనను."

చెట్టు నీడన కూర్చుని కుట్టాను. అవతల కెమెరా ముందు ఆయన్ని ఏడుసార్లు చంపారు. ఏడోసారి డైరెక్టర్‌కు నచ్చింది. హీరో లేచి, మట్టి దులుపుకుని వచ్చేసరికి నాకింకా అంగుళం కుట్టు మిగిలింది. పక్కనే కింద కూర్చుని ఎదురుచూశాడు.