పరుపులు కుట్టేవాడి కూతురు

నంద్యాలలో ఆళ్లగడ్డ బస్సెక్కి, అలసటతో ఓ ముసలాయన పక్కన కూలబడ్డాను. ఆయన కాళ్ల దగ్గర సామాన్ల మూటలున్నాయి. "ఊరు మారుతున్నారా?" అన్నాను.

"ఊ అప్పా. దాచేదేముంది, పేపర్లోనే ఏసినారు. నా బిడ్డకు జరగరానిది జరిగింది. పేరు మార్చినామని రాసినారు గానీ, పరుపులు కుట్టేటోని కూతురని ఊరి పేరుతో సహా ఏసినారు. మా ఊర్లో పరుపులు కుట్టేది నేనొక్కన్నే."

ఆ వార్త రాసింది నేనే. పేరు మారిస్తే చాలని మా విలేఖరుల నమ్మకం.

ముందు సీట్లో ఆయన కూతురు అంత ఉక్కలోనూ ముసుగు తీయకుండా కిటికీకి తల ఆనించి కూర్చుంది.

"నీ పేరేందప్పా?" అడిగాడాయన.

నా పేరు మార్చి చెప్పాను.